బెజవాడ పాతబస్తీని నడిపించి చూపేవారేరీ?

గుణదల: మన వైపు పల్లెటూరి మనిషి ఏడాదికి నాలుగైదుసార్లయినా బెజవాడ వస్తాడు. దసరాలకు దుర్గమ్మ దగ్గరకు, ఫిబ్రవరిలో గుణదల మేరీమాత తిరునాళ్ళకు, పెళ్ళి బట్టలకు వస్త్రలతకు, ఒంట్లో బాగుండకపోతే ఆస్పత్రికి. బస్సు దిగుతాడు, ఆటో ఎక్కుతాడు, పని చూసుకుంటాడు, చీకటి పడకముందే తిరుగు బస్సు పట్టుకుంటాడు. ముప్ఫయ్యేళ్ళుగా వచ్చిపోతున్నా ఆయన ఎరిగిన బెజవాడ ఎంత? బస్టాండు, గుడి మెట్లు, బట్టల కొట్టు, మందుల షాపు. వీటి నడుమ వున్న అసలు ఊరు ఆయన కంట పడదు.

నందిగామ, జగ్గయ్యపేట వైపు నుంచి వచ్చేవారి సంగతి మరీను. 2020 అక్టోబరులో కనకదుర్గ ఫ్లైవోవరు తెరిచాక బస్సు కొండ పక్కనుంచి పైపైనే రెండు నిమిషాల్లో దాటిపోతోంది. ట్రాఫిక్ తిప్పలు తగ్గాయి, సంతోషమే. కాని కింద ఏముందో కిటికీలోంచి కూడా చూసే వీలు లేకుండా పోయింది.

పల్లెవారిని తప్పు పట్టటానికి ఈ మాట రాయటం లేదు. చూపించేవాళ్ళు లేకపోతే ఎవరు మాత్రం ఏం చూస్తారు? పాత గోడ పాత గోడే, పాత కాలవ పాత కాలవే. దాని కథ చెప్పే మనిషి పక్కన వుంటేనే అది ఊరవుతుంది. అందుకని బెజవాడ పాతబస్తీలో ప్రతి ఆదివారం పొద్దున్నే జనాన్ని వెంటబెట్టుకుని, కాలినడకన తిప్పి, తెలుగులో వివరంగా చెప్పే ఏర్పాటు ఒకటి కావాలని, అదీ పల్లెవారికి అందే ఖర్చులో కావాలని ఈ విలేఖరి అభిప్రాయం.

ఈ మాట మా వీధి అరుగు మీద అంటే ఒకాయన నవ్వాడు. ‘‘నడవటానికి టిక్కెట్టా? రోజూ పొలం గట్ల మీద నడిచేవాణ్ణి, నాకు నడక నేర్పుతావా అబ్బాయ్?’’ అన్నాడు. మాట సబబుగానే వుంది. అయితే డబ్బిచ్చేది నడకకు కాదు గదా, చెప్పే నోటికి. హరికథ వినటానికి కూర్చున్నందుకు ఎవరూ రుసుము అడగరు. కథ చెప్పిన దాసుగారికి మాత్రం పళ్ళెంలో నాలుగు రూపాయలు వేస్తాం. ఇదీ అంతే.

ఇదేమీ కొత్తగా పుట్టిన ఆలోచన కాదు. గుజరాతులో అహ్మదాబాదు నగర కార్పొరేషను 1997 నవంబరు నుంచి ఇటువంటి నడకను తానే నడిపిస్తున్నది. కాలూపూర్ స్వామినారాయణ మందిరం దగ్గర పొద్దున బయలుదేరి, సందులూ గొందులూ తిరిగి, జుమ్మా మసీదు దగ్గర ముగిస్తారు. గుడి దగ్గర మొదలై మసీదు దగ్గర తేలటంలోనే ఆ ఊరు ఎటువంటిదో తెలుస్తుంది. మొదట్లో వాళ్ళకూ పాత ఇళ్ళంటే చులకనే. బయటివారు వచ్చి మెచ్చుకోవటం మొదలెట్టాక ఇంటివారు కూడా తమ గుమ్మాల వంక మళ్ళీ చూసుకున్నారు. 2017లో ఐక్యరాజ్యసమితి వారి యునెస్కో సంస్థ ఆ పాత నగరాన్ని ప్రపంచ వారసత్వ నగరాల జాబితాలో చేర్చింది. మనకు అంత పెద్ద పేరు రాకపోయినా ఫరవాలేదు. మన ఊరు మనకు తెలిస్తే చాలు.

బెజవాడలో చూడటానికి ఏముందని అడిగేవారున్నారు. పోయిన చలికాలంలో ఒక ఆదివారం పాతబస్తీలోనే పుట్టి పెరిగిన ఒక రిటైర్డు మాస్టారు మమ్మల్ని పదిమందిని తిప్పారు. అందులో ఐదారుగురు కంకిపాడు, ఉయ్యూరు వైపు రైతులు. ఒకరిద్దరు ఆడవాళ్ళు కూడా వున్నారు. ఆరు గంటలకు బస్టాండులో కలుసుకున్నాం. మాస్టారు చేతిలో కర్ర, జేబులో ఒక కాగితం, అంతే సరంజామా.

ఆయన ముందు ఏ గుడికో తీసుకుపోతారనుకున్నాం. కాలవ దగ్గరకు తీసుకుపోయారు. బ్యారేజీ దగ్గర నదిలోంచి తీసిన నీళ్ళు ఊళ్ళోకి వచ్చి బందరు కాలవ, ఏలూరు కాలవ, రైవస్ కాలవ అయి చీలిపోయే తావు అది. ‘‘ముందు ఇక్కడ నిలబడండి. బెజవాడ పుట్టింది కొండ మీదైనా పెరిగింది ఇక్కడ’’ అన్నారు.

తర్వాత చెప్పింది వింటుంటే ఎవరికీ కాలు కదలలేదు. 1832, 33 సంవత్సరాల్లో నందన కరువు వచ్చి ఈ ప్రాంతంలో జనం పిట్టల్లా రాలిపోయారు. పక్కనే కృష్ణ పారుతున్నా చేలోకి చుక్క రాని రోజులు. తర్వాత సర్ ఆర్థర్ కాటన్ పథకం ప్రకారం 1852లో ఆనకట్ట పని మొదలై 1855లో పూర్తయింది. పని దగ్గరుండి చేయించినవాడు కెప్టెన్ ఛార్లెస్ ఓర్. రాయి ఎక్కణ్ణుంచో తేలేదు, ఈ ఒడ్డునా ఆ ఒడ్డునా వున్న కొండల్లోనే కొట్టారు. ఈనాడు గాంధీకొండ అని మనం పిలిచే కొండకు పూర్వం ఆ ఓర్ దొర పేరే వుండేది. వందేళ్ళ చిల్లర పనిచేసిన ఆ ఆనకట్టకు 1952లో గండి పడింది. దాని బదులు కట్టిన ప్రకాశం బ్యారేజీ 1957లో పూర్తయింది.

ఉయ్యూరు వైపు నుంచి వచ్చిన ఒక పెద్దాయన లాకుల వైపు చాలాసేపు చూసి, ‘‘ఏం మాస్టారూ, మా చేలోకి వచ్చే నీళ్ళు ఇట్టా వస్తాయా? నాకు డెబ్బయ్యేళ్ళండీ. కాలవ చివర వున్నవాణ్ణి, నీళ్ళు రాలేదని దెబ్బలాడటమే గాని మొదలు ఎక్కడో ఎన్నడూ చూడలేదు’’ అన్నాడు.

ఈ ఒక్క మాట కోసమైనా ఇటువంటి నడకలు పెట్టాలనిపించింది. డెల్టా రైతు బతుకంతా ఆ లాకుల్లోంచి వస్తున్నది. బెజవాడ వచ్చినప్పుడల్లా ఆ కాలవ మీద వంతెన దాటుతూనే వుంటాడు. కాని ఎవరూ ఆయన భుజం తట్టి, ఇదుగో నీ కాలవ అని చూపలేదు.

రైలు రాకముందు, వచ్చిన తర్వాత కూడా చాలా కాలం, ఈ కాలవల్లో పడవలు నడిచాయి. ఏలూరు కాలవ మీద గోదావరి వైపుకు, కృష్ణ దాటి అవతలి కాలవల మీదుగా బకింగ్‌హామ్ కాలవ పట్టుకుని మద్రాసు దాకా సరుకు పోయేది. మన పల్లెల ధాన్యం ఆ పడవల మీదనే కదిలింది. పాతబస్తీ కొట్లు, గిడ్డంగులు, మేడలు అన్నీ కాలవకూ కొండకూ మధ్యన ఇంత ఇరుకుగా ఎందుకు పెరిగాయో అక్కడ నిలబడితే తెలుస్తుంది. సరుకు దిగిన చోట బజారు, బజారు వెనక ఇళ్ళు. పల్లె ధాన్యంతో పెరిగిన పట్నం ఇది. పల్లెవాడు ఇందులో చుట్టపుచూపుగా తిరగవలసిన పనిలేదు.

అక్కణ్ణుంచి కాళేశ్వరరావు మార్కెట్టుకు నడిచాం. కూరగాయలు తెచ్చి అమ్మే మన రైతుల్లో ఎంతమందికి ఆ కాళేశ్వరరావు ఎవరో తెలుసు? అయ్యదేవర కాళేశ్వరరావుగారు స్వాతంత్ర్య సమరంలో జైళ్ళకు పోయినవారు, ఈ ఊరి మునిసిపాలిటీకి అధ్యక్షులుగా చేసినవారు. 1956లో ఆంధ్రప్రదేశ్ ఏర్పడినప్పుడు శాసనసభకు మొట్టమొదటి స్పీకరు. పుట్టింది నందిగామలో. మార్కెట్టు బోర్డు మీద పేరుంది గాని ఆయన ఎవరో చెప్పే నాలుగు ముక్కలు మేం తిరిగిన మేరకు ఎక్కడా కనపడలేదు. నందిగామ నుంచి వచ్చే రైతు తన ఊరివాడి పేరున్న మార్కెట్టులో బేరం చేసుకుని, ఆ సంగతి తెలియకుండానే వెళ్ళిపోతున్నాడు.

తర్వాత సామరంగం చౌకు, బ్రాహ్మణ వీధి, శివాలయం వీధి. ఇక్కడ మాస్టారు నడక తగ్గించారు. వీధిలోకి దిగిన అరుగులు, చెక్క స్తంభాలు, బంగాళా పెంకుల కప్పులు ఇంకా అక్కడక్కడ మిగిలాయి. రెండిళ్ళ మధ్య ఎనిమిదంతస్తుల భవనం లేస్తుంటే ఆ రెండిళ్ళూ ఊపిరాడనట్టు కనిపించాయి. ఒక ఇంటి ముందు ఆగి మాస్టారు, ‘‘నిరుడు ఈ పక్కిల్లు వుండేది’’ అన్నారు. ఇప్పుడక్కడ మోటారు సైకిళ్ళు పెట్టుకుంటున్నారు. ఇల్లు పడగొట్టుకోవటం ఇంటివారి హక్కు. వాటాలు పంచుకోవాలి, పిల్లలకు కట్టించుకోవాలి, వాన వస్తే కారే కప్పును ఎంతకాలమని బాగు చేయిస్తారు? వారిని అనేందుకు లేదు. కాని ఆ ఇల్లు వున్నన్నాళ్ళూ దాన్ని చూసి ఒక్కరూ బాగుందని అనకపోతే, వుంచుకోవటానికి వారికి కారణం మాత్రం ఏముంటుంది?

2016 పుష్కరాల ముందు రోడ్లు వెడల్పు చేయటానికి పాతబస్తీలోనూ నది ఒడ్డునా కొన్ని గుళ్ళూ కట్టడాలూ తీసేశారు. అప్పుడు గొడవ జరిగింది గాని, పోయినవాటి వయసెంత, కట్టించినదెవరు అని అడిగితే చెప్పగలిగినవారు వేళ్ళ మీద లెక్కించేంతమంది. మళ్ళీ కృష్ణా పుష్కరాలు 2028లో రానున్నాయి. మళ్ళీ పనులుంటాయి, మళ్ళీ టేపులు పట్టుకుని కొలతలు వేస్తారు. ఈసారైనా కొలిచేవారి వెనక నాలుగు సంగతులు తెలిసిన జనం నిలబడాలంటే ఆ జనాన్ని ఇప్పటినుంచే తయారు చేసుకోవాలి.

నడక చివర్న ఇంద్రకీలాద్రి పాదం దగ్గర అక్కన్న మాదన్న గుహలకు చేరాం. గోల్కొండ తానీషా కొలువులో మంత్రులైన అన్నదమ్ములు, భద్రాచల రామదాసుకు మేనమామలని జనం చెప్పుకునే వాళ్ళు, పదిహేడో శతాబ్దంలో ఇటు వచ్చినప్పుడు ఇక్కడే బస చేసేవారని ప్రతీతి. కాని గుహలు వాళ్ళకంటే సుమారు వెయ్యేళ్ళ పాతవి. కొండను తొలిచింది ఆరు, ఏడు శతాబ్దాల్లో. మాస్టారిలో నాకు నచ్చిందేమిటంటే, ఏది కథో ఏది రాతి మీద వున్నదో విడదీసి చెబుతారు. అర్జునుడు ఇక్కడ తపస్సు చేసి పాశుపతం పొందాడన్నది మన స్థలపురాణం, దాన్ని పురాణంగానే చెప్పారు. యుద్ధమల్లుడనే చాళుక్యరాజు కుమారస్వామికి గుడి, మఠం కట్టించిన సంగతి బెజవాడ శాసనంలో పదో శతాబ్దపు తెలుగులో, అదీ మధ్యాక్కర పద్యాల్లో చెక్కి వున్నది, దాన్ని చరిత్రగా చెప్పారు. నన్నయగారు భారతం తెనిగించటానికి సుమారు నూరేళ్ళ ముందే ఈ కొండ కింద తెలుగు పద్యం రాతికెక్కిందన్నమాట. ఇది విని ఒక ఇంటరు కుర్రాడు, ‘‘మా పుస్తకంలో ఒక్క లైనుంది గాని ఇది మన బెజవాడే అని ఎవరూ చెప్పలేదండీ’’ అన్నాడు.

అందరు గైడులూ ఇట్లా వుండరు. కొన్నిచోట్ల గైడు అంటే నోటికొచ్చిన కథ చెప్పి, చివరకు కమీషను ఇచ్చే కొట్టు ముందు దింపేవాడు. ఒకసారి వేరే ఊళ్ళో మా బంధువులతో నేను తిరిగినప్పుడు గంట సేపట్లో మూడు బట్టల కొట్లు, ఒక ముత్యాల కొట్టు చూశాం, కోట మాత్రం దూరం నుంచి వేలు పెట్టి చూపించాడు. అటువంటిది ఇక్కడ మొదలైతే ఒక్కసారితోనే పల్లెజనం దణ్ణం పెట్టి తప్పుకుంటారు. రుసుము ఎంతో బోర్డు మీద రాసి వుండాలి. ఇద్దరు మనుషుల టిఫిను ఖర్చు దాటకూడదు, బడిపిల్లలకు ఉచితం కావాలి.

బడిపిల్లల మాట వచ్చింది గనుక చెప్పాలి. మన పల్లెల బళ్ళ నుంచి విహారయాత్ర బస్సులు ఏటా వస్తాయి. నీళ్ళల్లో ఆడుకునే పార్కులకు, పెద్ద షాపింగు మాళ్ళకు తీసుకుపోతారు. పిల్లలు ఆడుకోవద్దని ఎవరూ అనరు. కాని బందరు రోడ్డు మీద నుంచి అదే బస్సు పోతూ పాత విక్టోరియా జూబిలీ మ్యూజియం ముందు ఆగదు. 1887లో పునాది వేసిన భవనం అది, ఇప్పుడు బాపూ మ్యూజియం అంటున్నారు. 1921 మార్చి 31న అఖిల భారత కాంగ్రెసు కమిటీ సమావేశాలకు బెజవాడ వచ్చిన గాంధీగారికి పింగళి వెంకయ్యగారు జెండా నమూనా అందించారు. ఎరుపు, పచ్చ రంగుల ఆ జెండాలో తెల్లరంగు చేర్చమన్నది గాంధీగారు. ఆ చరిత్రతో కలిపి తలచుకునే భవనం ఇదే. వెంకయ్యగారిది భట్లపెనుమర్రు, బందరు దగ్గర పల్లె. అదే మ్యూజియంలో అల్లూరు నుంచి తెచ్చిన నిలువెత్తు పాలరాతి బుద్ధుడున్నాడు. అల్లూరు కూడా మన పల్లెటూరే. అంటే పల్లెలవి తెచ్చి పట్నంలో దాచాం, పల్లె పిల్లలకు మాత్రం చూపటం లేదు.

ఆ రోడ్డు మీదనే రామమోహన గ్రంథాలయం వుంది. 1914 ఏప్రిల్‌లో ఆంధ్రదేశపు గ్రంథాలయాల ప్రతినిధులు మొదటిసారి బెజవాడలో సమావేశమయ్యారు. చిలకమర్తి లక్ష్మీనరసింహంగారు అధ్యక్షులు, అయ్యంకి వెంకటరమణయ్యగారు కార్యకర్త. తర్వాతి రోజుల్లో ఊరూరా లైబ్రరీలు వెలిశాయంటే ఆ సభలో పడ్డ విత్తనం వల్లనే. వీటిని పాతబస్తీ నడకలో కలపటం కష్టం, దూరమవుతుంది. బందరు రోడ్డుకు విడిగా ఇంకో ఆదివారం పెట్టుకోవచ్చు. మొగల్రాజపురం గుహలు మా గుణదల వైపు వారికి దగ్గర. అవి మూడో వారానికి.

పాతబస్తీవారి ఇబ్బంది కూడా ఆలోచించాలి. వాళ్ళ వాకిట్లో వాళ్ళు ముగ్గు వేసుకుంటుంటే ఇరవైమంది నిలబడి సెల్‌ఫోనులతో ఫోటోలు తీస్తే ఎవరికి బాగుంటుంది? మా నడకలో ఒకావిడ ముఖం మీదనే తలుపు వేసుకుంది, ఆమె తప్పేమీ లేదు. గుంపు పదిహేనుమందికి మించకూడదు, అడగకుండా ఫోటో తీయకూడదు, గైడు ఆ వీధుల మనిషే అయివుండాలి. పక్కింటి కుర్రాడు నలుగురిని వెంటబెట్టుకుని వస్తే, ‘‘ఏరా, చుట్టాలా?’’ అని వాళ్ళే పలకరిస్తారు. పాతబస్తీలో డిగ్రీ చదివి ఖాళీగా వున్న కుర్రవాళ్ళకు, ఆడపిల్లలకు కొదవలేదు. రిటైర్డు మాస్టార్ల చేత, శాసనాలు చదివినవారి చేత వాళ్ళకు ఒక నెల శిక్షణ ఇప్పించి గుర్తింపు కార్డు ఇస్తే నాలుగు డబ్బులు వాళ్ళ చేతిలోనూ పడతాయి. గుళ్ళ గురించి చెప్పేవాడు ఇస్లాంపేట మసీదు గురించీ, కాలవ ఒడ్డు హమాలీల గురించీ కూడా చెప్పగలగాలి. ఊరంటే అందరూ కదా.

ఆడవాళ్ళకు ఇంకో పెద్ద ఇబ్బంది వుంది. రెండున్నర గంటలు మేం తిరిగిన దారిలో శుభ్రమైన మరుగుదొడ్డి ఒక్కటి కనబడలేదు. మాతో వచ్చిన ఒక పిన్నిగారు మధ్యలోనే వెనక్కి వెళ్ళిపోయింది. పైకి మోకాళ్ళ నొప్పులని చెప్పింది. ఈ చిన్న ఏర్పాటు చేయకుండా ఎంత చరిత్ర చెప్పినా సగం జనం రారు. ఎండ సంగతి బెజవాడవారికి ఎవరూ చెప్పనక్కరలేదు. మాఘం దాటితే ఎనిమిదింటికల్లా నడక ముగించాలి, వేసవిలో అసలు పెట్టకూడదు.

పుణ్యానికి వచ్చేవాడికి చరిత్ర దేనికి, దర్శనం చేసుకుని పోతాడు గదా అనే పెద్దలూ వున్నారు. వారు ఒక్కసారి గుణదల తిరునాళ్ళు చూడాలి. ఫ్రాన్సులో లూర్దు అనే ఊళ్ళో 1858లో మేరీమాత దర్శనమిచ్చిందని ఆ మతస్థుల నమ్మకం. 1924లో ఆర్లాటి అనే ఇటలీ ఫాదరుగారు మా గుణదల కొండ మీద ఆ మాత విగ్రహం పెట్టారు. ఈనాడు ఫిబ్రవరి 9, 10, 11 తేదీల్లో లక్షల జనం వస్తారు. హిందువులూ వస్తారు, తలనీలాలిస్తారు, కొబ్బరికాయలు కొడతారు. తన మొక్కు ఎక్కణ్ణుంచి వచ్చిందో, ఈ కొండ మీదకు ఎట్లా చేరిందో చెబితే వినని భక్తుణ్ణి నేను చూడలేదు. క్యూలో నిలబడ్డవాళ్ళు వాళ్ళలో వాళ్ళు చెప్పుకునేది అదే, కాకపోతే ఒకరు చెప్పింది ఇంకొకరు చెప్పరు.

నగరపాలక సంస్థ, పర్యాటక శాఖ, దేవస్థానం, పురావస్తు శాఖ, ఈ నలుగురూ కూర్చుని కాగితాలు రాసుకుంటే ఏళ్ళు పడుతుంది. అంత అవసరం లేదు. బెజవాడ మునిసిపాలిటీ 1888లో ఏర్పడింది, 1981లో కార్పొరేషను అయింది. ఇంత వయసున్న సంస్థకు ఒక బోర్డు, నలుగురు కుర్రవాళ్ళు, ఒక పేజీ కరపత్రం బరువు కావు. బస్టాండులో, పల్లె బస్సులు ఆగే ప్లాటుఫారాల దగ్గర, పెద్ద తెలుగు అక్షరాలతో బోర్డు పెట్టాలి: ఆదివారం ఉదయం 6 గంటలకు పాతబస్తీ నడక, ఇక్కడి నుంచే, రుసుము ఇంత. వచ్చే ఫిబ్రవరిలో గుణదల తిరునాళ్ళకు వచ్చే జనం ఎలాగూ రెండు రోజులు ఇక్కడే వుంటారు. ఆలోపల నాలుగు ఆదివారాలు నడిపి చూస్తే ఎంతమంది వస్తారో, ఎక్కడ ఇబ్బంది పడతారో లెక్క తేలుతుంది. మాస్టారు తాను సిద్ధమేనన్నారు. ఎనభై దగ్గర పడుతున్న మనిషి, ఈ మాట త్వరగా చెవిన వేసుకోవలసింది కార్పొరేషనువారే.